రుంబాకు టీకా తాత్పర్యం

మా వీధి చివర కొత్తగా వెలసిన డ్యాన్సు శిక్షణాలయం వారు పంచిన కరపత్రం ఒకటి నెల రోజులుగా నా బల్ల మీదనే ఉంది. పారేద్దామంటే చేయి రావడం లేదు. “రుంబా: ఐరోపా రాజదర్బారుల్లో పుట్టిన శుద్ధమైన ప్రేమ నృత్యం. మూడు రోజుల్లో నేర్పబడును. పెళ్లి కాబోయే జంటలకు రాయితీ.” అచ్చుతప్పులు లేని కరపత్రం హైదరాబాదులో దొరకడమే అరుదు కనుక ముందుగా వారిని అభినందించాలి. తప్పులన్నీ అచ్చులో కాక విషయంలోనే ఉండేటట్టు వారు జాగ్రత్తపడ్డారు.

ఆ రాజదర్బారు ఎలా ఉండేదో మనవి చేస్తాను. అది క్యూబా ద్వీపంలోని హవానా, మతాన్సాస్ రేవు పట్టణాల్లో, గదికొక కుటుంబం చొప్పున కిక్కిరిసిన ‘సోలార్’ అనే పేదల లోగిళ్ల నడిమి వాకిట్లో కొలువుదీరేది. సామంతులు ఓడల్లో బస్తాలు మోసే హమాలీలు. ఆఫ్రికా నుంచి 7 లక్షలకు పైగా మనుషుల్ని సంకెళ్లలో దింపుకున్న ఆ ద్వీపంలో బానిసత్వం 1886లో గాని రద్దు కాలేదు కాబట్టి, ఆ సామంతుల వంశవృక్షాన్ని కదిపితే కొరడా దెబ్బలు రాలతాయి. నల్లవాళ్ల డోళ్లంటే పాలకులకు గుబులు గనుక ఆస్థాన విద్వాంసులు ఎండు చేపలు దిగుమతైన చెక్కపెట్టెలనూ కొవ్వొత్తుల పెట్టెలనూ తిరగేసి కూర్చుని వాయించారు. తాళం పట్టే ‘క్లావే’ కర్రల జత ఓడ పలకల్ని బిగించే కొయ్యమేకుల నుంచి వచ్చిందని చెబుతారు.

ఇక ప్రేమ సంగతి. రుంబా అంటే అక్కడ ఒక్క నృత్యం కాదు. వృద్ధుల నడకను అనుకరిస్తూ నెమ్మదిగా సాగే యాంబూ, మగవాడు ఒంటరిగా డోలుతో పందెం కాసే కొలంబియా, జంటగా ఆడే గ్వాగ్వాంకో అని మూడున్నాయి. గ్వాగ్వాంకోలో పుంజు పెట్టను తరిమినట్టు అతడు ఆమె చుట్టూ తిరుగుతాడు; ఆమె ఊరిస్తుంది, కొంగు అందనివ్వదు. ఏమరుపాటున ఉన్న క్షణం చూసి అతడు నడుమునో కాలినో చేతినో ఆమె వైపు ఒక్కసారి విసురుతాడు. ఆమె అంతకంటే వేగంగా పావడా అంచును అడ్డం పెట్టుకుని తప్పుకుంటుంది. ఆ విసురును ‘వకునావో’ అంటారు. స్పానిషులో అది టీకా వేయడం నుంచి వచ్చిన మాట. మన కరపత్రం వారు ఈ టీకాను వదిలేసి తాత్పర్యం మాత్రం తామే రాసుకున్నారు.

తాత్పర్యం ఎలా పుట్టిందో కూడా చెప్పుకోవాలి. 1930లో డాన్ అస్పియాసు వాద్యబృందం న్యూయార్క్‌లో ‘ఎల్ మానిసెరో’ అనే పాటను రికార్డు చేసింది. అది వేరుశనగలమ్మే వాడి కేక మీద కట్టిన పాట. జాతి రీత్యా ‘సోన్’ అనే వేరే క్యూబా సంగీతం. రికార్డు చీటీ మీద మాత్రం రుంబా అని అచ్చయింది. పల్లీల వాడి కేకకు ఆ పేరు తగిలించి అమెరికా అంతా అడుగులేసింది. వాటిలో అచ్చమైన రుంబా అడుగు ఒక్కటీ లేదు. తర్వాత 1947లో పియేర్ అనే లండను గురువుగారు క్యూబా వెళ్లి చూసి వచ్చి, అడుగు తాళంలో ఒకటో దెబ్బకు కాదు, రెండో దెబ్బకు వేయాలని ప్రకటించారు. దానితో నేల మీద చతురస్రంగా అడుగులేసే గళ్ల రుంబా వారికీ క్యూబా రుంబా వారికీ మధ్య శైవవైష్ణవుల వాదాన్ని తలదన్నే యుద్ధం ఏళ్ల తరబడి సాగింది. నల్లసూట్లు తొడుక్కున్న పెద్దమనుషులు మెరుగు పెట్టిన నేల మీద నిలబడి “ఒకటి!” “కాదు, రెండు!” అని వాదించుకుంటుంటే, సముద్రానికి అవతల ఆ లోగిలి వాకిట్లో చేపల పెట్టె తన మానాన తాను మోగుతూనే ఉంది; దాని అభిప్రాయం అడగాలని ఏ సంఘానికీ తోచలేదు.

నేనూ రుసుము కట్టి వెళ్లాను. మాస్టారు ముందు గడి నేర్పారు. ఎడమ పాదం ముందుకు, రెండు మాత్రలు. కుడి పాదం పక్కకు, ఒక మాత్ర. ఎడమ పాదం దాని పక్కకు చేర్చాలి, ఇంకొక మాత్ర. తర్వాత కుడి పాదం వెనక్కి, ఎడమది పక్కకు, కుడిది దాని దగ్గరకు. నేల మీద చతురస్రం పూర్తవుతుంది, ముగ్గు వేసినంత శ్రద్ధగా. పోటీల పద్ధతి వేరు: ఒకటో దెబ్బకు అడుగు వేయరు, రెండు, మూడు, నాలుగు దెబ్బలకు వేసి ఒకటిని శరీరంతో నింపుతారు. మాస్టారు రెండు పద్ధతుల్నీ పులిహోర కలిపి, “నడుము ఊపండి సార్, లవ్ రావాలి!” అని కేకలు వేశారు. నిజానికి నడుమును ఎవరూ ఊపరు. మోకాలు వంచి పాదం మోపి, బరువు దాని మీదికి మళ్లుతుండగా మోకాలిని నిటారు చేస్తే నడుము తనంతట తానే పక్కకు జారుతుంది. ఆ మాట చెబితే ఆయన నన్ను తాతకు దగ్గు నేర్పబోయిన మనవడిని చూసినట్టు చూశారు. నా పక్కన పెళ్లి కాబోయే సాఫ్ట్‌వేర్ జంట, ఒకరి పాదాలు ఒకరు తొక్కుకుంటూ, లాగిన్ కాని తెరను చూసినట్టు నేలను చూస్తోంది.

ఇంతవరకూ నవ్వుకున్నాను. నాకు మింగుడుపడనిది ఆ ‘శుద్ధమైన’ అనే మాట. ఎవరి మురికి నుంచి శుద్ధి? హమాలీ చెమట నుంచా, ఆమె పావడా అంచు నుంచా? ఈ మాట మనకు కొత్త కాదు. ఆ గురువుగారు క్యూబా వెళ్లిన 1947లోనే మద్రాసు దేవదాసీ చట్టం వచ్చింది. నాట్యాన్ని నిలబెట్టిన మన కళావంతుల ఇళ్ల స్త్రీలు వేదిక దిగిపోతే, అదే నాట్యం ‘శుద్ధి’ అయి పెద్దింటి పిల్లల అరంగేట్రాల్లోకి చేరింది. దోచుకుంటే దోచుకోండి, కనీసం కడిగామని చెప్పకండి! సొమ్మొకడిది, సోకొకడిది అయినా ఓర్చుకోవచ్చు. సొమ్ము గలవాణ్ణి మురికివాడని అనడాన్ని మాత్రం నేను ఓర్చుకోలేను. 2016లో యునెస్కో క్యూబా రుంబాను మానవజాతి వారసత్వ జాబితాలో చేర్చింది. ఆ జాబితా కరపత్రం అచ్చేసిన ప్రెస్సు దాకా ఇంకా రాలేదు.

మూడో రోజు వకునావో గురించి మాస్టారిని అడిగాను. ఆయన సెల్‌ఫోనులో పాట ఆపి, కాసేపు ఆలోచించి, “అది అడ్వాన్స్ కోర్సు సార్, ఫీజు వేరే” అన్నారు.