ఇల్లుగలవారి బారి నుంచి ఇంటిని కాపాడుట

పనామా కాలువను తిరిగి తీసుకుంటామని 2025 జనవరి 20న అమెరికా అధ్యక్షుడు డొనాల్డ్ ట్రంప్ తన ప్రమాణ స్వీకార ప్రసంగంలో ప్రకటించినప్పుడు, అది న్యాయమా అన్యాయమా అని ప్రపంచం తర్జనభర్జన పడిందే గానీ, తీసుకున్నాక దాన్ని ఎలా ఏలుకోవాలన్న పరిపాలనా విషయాన్ని ఎవరూ పట్టించుకోలేదు. ఆ ఏప్రిల్‌లోనే అమెరికా సైనికులు పాత స్థావరాల్లో శిక్షణ నిమిత్తం వంతులవారీగా బస చేసేందుకు పనామా ప్రభుత్వంతో అవగాహన పత్రం కూడా కుదిరింది కనుక ఇక ఆలస్యం తగదు. పరాయి దేశం నడిబొడ్డున ఒక నీటిదారిని, దానికి రెండు పక్కలా ఉన్న నేలను ముప్పాతిక శతాబ్దం పాటు ఏలిన అనుభవం అమెరికాకు దండిగా ఉంది. దాని సారాన్ని, రాబోయే గవర్నరుగారి సౌకర్యార్థం, వినయపూర్వకంగా ఇక్కడ పొందుపరుస్తున్నాను.

పరాయి నేల మీద అధికారానికి మొదట కావలసింది పటిష్ఠమైన దస్తావేజు. రాసిచ్చేవాడు ఎదురుగా కూర్చుంటే సవరణలు అడుగుతాడు, బేరమాడతాడు, ఒక్కోసారి చదివి వినిపించమని కూడా అంటాడు. 1903లో ఈ చిక్కులేవీ రాకుండా పని జరిగింది. కాలువ హక్కుల ఒప్పందాన్ని కొలంబియా సెనేట్ తిరస్కరించిన కొద్ది నెలలకే, నవంబరు 3న, అప్పటిదాకా కొలంబియాలో భాగమైన పనామా స్వాతంత్ర్యం ప్రకటించుకుంది. కొలంబియా సైన్యం వచ్చి ఆ ఉత్సాహం మీద నీళ్లు చల్లకుండా నాష్‌విల్ అనే అమెరికా యుద్ధనౌక కొలోన్ రేవులో సిద్ధంగా ఉంది. పదిహేను రోజులకు, నవంబరు 18న, వాషింగ్టన్‌లో కాలువ సంధి మీద సంతకాలయ్యాయి. పనామా తరఫున సంతకం పెట్టినవాడు ఫిలిప్ బునో-వరిల్లా అనే ఫ్రెంచి ఇంజనీరు. చేతులెత్తేసిన ఫ్రెంచి కాలువ కంపెనీ ఆస్తులకు అమెరికా 4 కోట్ల డాలర్లు చెల్లించనుండటం, అందులో ఆయనకూ వాటాలుండటం నిజమే గానీ, అంతమాత్రాన ఆయన పనామా దేశభక్తిని శంకించరాదు. అసలు పనామా ప్రతినిధులు వాషింగ్టన్‌లో రైలు దిగేసరికి సంతకాల సిరా ఆరిపోయింది. స్టేషనుకు వెళ్లి ఆ శుభవార్త చెప్పిందీ ఆయనే.

ఆ సంధి ప్రకారం కాలువకు అటు ఐదు మైళ్లు, ఇటు ఐదు మైళ్లు వెడల్పున నేల అమెరికాకు శాశ్వతంగా దఖలు పడింది. తానే సార్వభౌముడైతే ఏయే అధికారాలు చెలాయిస్తుందో అవన్నీ అమెరికా అక్కడ చెలాయించవచ్చు. పనామా మాత్రం చెలాయించరాదు. ప్రతిఫలంగా కోటి డాలర్ల రొక్కం, తొమ్మిదేళ్ల తరువాత నుంచి ఏటా 2,50,000 డాలర్లు. ఈ సంధి అమెరికాకు ఎంతో లాభదాయకమనీ, పనామాకు అంత కాదన్న సంగతి మొహం చెల్లకపోయినా ఒప్పుకోక తప్పదనీ నాటి విదేశాంగ మంత్రి జాన్ హే ఒక సెనేటరుకు ఉత్తరం రాశాడు. రాబోయే గవర్నరుగారు ఇలాంటి ఉత్తరాలు రాయకుండా ఉంటే మంచిది.

హైదరాబాదు చరిత్ర తెలిసిన పాఠకులకు ఇందులో వింతేమీ కనిపించదు. సరిగ్గా ఏడాది ముందు, 1902 నవంబరులో, కర్జన్ దొరగారు నిజాం మహబూబ్ అలీ ఖాన్ నుంచి బేరారును ఏడాదికి 25 లక్షల రూపాయల కౌలుకు శాశ్వతంగా పుచ్చుకున్నారు. సార్వభౌమత్వం మాత్రం నిజాంగారిదేనని ఎంతో మర్యాదగా ఒప్పుకున్నారు. ఆ బేరారు తొలుత 1853లో చేతులు మారింది కూడా, నిజాంను కాపాడటానికే ఉన్నట్లు చెప్పిన సైన్యానికి నిజాం జీతాలు బాకీ పడ్డాడన్న కారణం మీదనే. కనుక కాపలాదారుడి ఖర్చు కింద నేలను జమ కట్టుకునే పద్ధతిని కనిపెట్టిన ఘనత అమెరికాకు దక్కదు. దానికి ఫిరంగులు చేర్చి పరిపూర్ణం చేసిన ఘనత మాత్రం దక్కుతుంది.

ఇక పరిపాలన. కాలువకు రెండు పక్కలా ఉన్న ఆ పదిమైళ్ల పట్టీకి కెనాల్ జోన్ అని పేరు. 1914 నుంచి దానికి గవర్నరుగా వచ్చేవాడు సైన్యంలోని ఇంజనీర్ల దళానికి చెందిన అధికారి. అతన్ని అమెరికా అధ్యక్షుడు నియమించేవాడు. శాసనసభ లేదు, ఎన్నికలు లేవు, కనుక ఓడిపోతామన్న దిగులూ లేదు. 1951 నుంచి ఆ గవర్నరే కాలువను నడిపే కంపెనీకి అధ్యక్షుడు కూడా అయ్యాడు. ఆ కంపెనీకి వాటాదారు అమెరికా ప్రభుత్వమొక్కటే. 1912 డిసెంబరులో అధ్యక్షుడు టాఫ్ట్ జారీ చేసిన ఉత్తర్వుతో జోన్‌లోని నేలంతా కాలువ అవసరాలకేనని తేలిపోయి, అక్కడి ఊళ్లు ఖాళీ అయ్యాయి. రైలుదారి వెంట తరాలుగా బతికిన జనం ఇళ్లు, అంగళ్లు, గుళ్లు కొన్ని కాలువ కోసం నదికి ఆనకట్ట కట్టి నింపిన గాటూన్ సరస్సు అడుగుకు చేరాయి, మిగిలినవి అడవి పాలయ్యాయి. ఆ తరువాత జోన్‌లో సొంత నేల అనేది ఎవరికీ లేదు. ఇల్లు ప్రభుత్వానిది, అది ఎంత పెద్దదో నిర్ణయించేది ఉద్యోగి హోదా. సరుకులు కొనే కమిసరీ ప్రభుత్వానిది, సినిమా హాలు ప్రభుత్వానిది, పాలు ప్రభుత్వ పాడివి, రొట్టె ప్రభుత్వ బేకరీది. పదవీ విరమణ చేసిన మర్నాటి నుంచి ఆ ఇంటి మీద ఉద్యోగికి హక్కులేదు, పెట్టె సర్దుకోవలసిందే. సొంత ఆస్తి సర్వ స్వేచ్ఛలకూ మూలమని నమ్మే దేశం, సొంత ఆస్తి అన్నదే లేని సమాజాన్ని యాభై మైళ్ల పొడవున కట్టి, అందులోని ఫోర్ట్ గులిక్‌లో లాటిన్ అమెరికా దేశాల సైనికాధికారులకు కమ్యూనిజాన్ని ఎదిరించే శిక్షణ ఇచ్చింది. ఇంతటి నిష్పాక్షికత చరిత్రలో అరుదు.

అయితే జోన్‌లో సమానత్వం ఉందని పొరబడే ప్రమాదం ఉంది కనుక జీతాల సంగతి చెప్పాలి. అక్కడి పనివారు రెండు రిజిస్టర్లకు చెందినవారు: బంగారు పద్దు, వెండి పద్దు. తెల్ల అమెరికన్లకు జీతం బంగారు డాలర్లలో, బార్బడోస్, జమైకా వంటి దీవుల నుంచి వచ్చి మట్టి తవ్వి, డైనమైట్ పేల్చిన నల్లవారికి వెండి నాణేల్లో. మొదట ఇది ఖజానా లెక్కల సదుపాయం మాత్రమే. చక్కని సదుపాయం ఏదైనా ఒక్క చోట ఆగదు కదా! కొంతకాలానికి తపాలా కార్యాలయంలో బంగారు వారికొక కిటికీ, వెండి వారికొక కిటికీ వచ్చాయి; కమిసరీకి రెండు గుమ్మాలు, బడులు రెండు రకాలు, మంచినీళ్ల కుళాయిలు సైతం రెండు రకాలు అయ్యాయి. కుళాయి మీద నలుపు, తెలుపు అని రాయలేదు, లోహం పేరు రాశారు. ఎవరి మనసూ నొప్పించకుండా ఎవరి దాహం వారు తీర్చుకునే ఈ ఏర్పాటు దశాబ్దాల తరబడి నడిచింది. అమెరికా తవ్వకపు కాలంలో, 1904 నుంచి 1914 దాకా, అధికారిక లెక్కల ప్రకారమే 5,609 మంది చనిపోయారు. వారిలో అత్యధికులు వెండి పద్దువారే.

జోన్‌కు సొంత పోలీసులు, కోర్టులు, జైలు, తపాలా బిళ్ళలు ఉండేవి. 1962లో కాలువ పసిఫిక్ ముఖద్వారం వద్ద పెద్ద వంతెన కట్టి, పాత కాలువ కమిషన్ సభ్యుడొకాయన పేరిట థాచర్ ఫెర్రీ వంతెన అని నామకరణం చేశారు. పనామావాసులు దాన్ని ఆ పేరుతో పిలవడానికి మొండికేసి, అమెరికాల వంతెన అన్నారు. ప్రారంభం రోజున, అక్టోబరు 12న, జోన్ తపాలా శాఖ ఒక నాలుగు సెంట్ల బిళ్ళ విడుదల చేసింది. దాని మీద ఉండవలసింది ఆ వంతెన బొమ్మ. కొన్ని కాగితాల మీద మాత్రం వెండి రంగు పడకపోవడంతో వంతెన లేదు. పొరపాటు కప్పిపుచ్చడానికి వంతెన లేని బిళ్ళలనే మరిన్ని ముద్రించి జనం మీదికి వదలాలని జోన్ అధికారులు సంకల్పించారు. అప్పటికే కొన్ని కొని దాచుకున్న బిళ్ళల వ్యాపారి ఒకాయన కోర్టుకెక్కి దాన్ని ఆపించాడు. ఇరు పక్షాలకూ పేరు విషయంలో పేచీ లేని వంతెన అదొక్కటే.

అన్నిటికన్నా ముఖ్యమైనది రక్షణ. కాలువ రెండు చివరలా ఫోర్ట్ షెర్మన్, ఫోర్ట్ రాండాల్ఫ్, ఫోర్ట్ అమడార్ వంటి కోటలు వెలిశాయి. టన్ను బరువుండే గుండును నలభై కిలోమీటర్ల దూరం విసరగల 16 అంగుళాల ఫిరంగులు పసిఫిక్ వైపు చూస్తూ కూర్చున్నాయి. 14 అంగుళాల ఫిరంగులు రెంటిని రైలు బండ్ల మీదే అమర్చారు, శత్రువు ఏ సముద్రం నుంచి వస్తే ఆ సముద్రం దగ్గరకు తీసుకుపోవచ్చునని. శత్రువు ఏ సముద్రం నుంచీ రాలేదు. రెండో ప్రపంచ యుద్ధంలో జోన్‌లోనూ చుట్టుపక్కలా 60 వేలకు పైగా సైనికులు మోహరించారు. లాకుల మీద బెలూన్లు ఎగిరాయి, నీళ్లలో టార్పీడో వలలు పడ్డాయి, పొగ యంత్రాలు ఓడలను దాచడం సాధన చేశాయి. జలాంతర్గామి నుంచి విమానాలు ఎగరేసి గాటూన్ లాకులను పగలగొట్టాలని జపాన్ నిజంగానే పథకం వేసింది గానీ, అమలు చేసేలోగా యుద్ధం దాని ఇంటి మీదికే వచ్చింది. తీరపు ఫిరంగులన్నీ చివరికి పాత ఇనుము కింద పోయాయి, శత్రువు మీద ఒక్క గుండు కూడా పేల్చకుండానే. తమ పని ఇంత సంపూర్ణంగా నెరవేర్చిన ఆయుధాలు మరెక్కడా కనిపించవు.

యుద్ధకాలంలో జోన్ బయట వందకు పైగా స్థలాలను కూడా సైన్యం తాత్కాలికంగా వాడుకుంది. యుద్ధం ముగిశాక వాటిలో కొన్ని మరికొంత కాలం అట్టిపెట్టుకుంటామంటే, 1947 డిసెంబరులో పనామా నగర వీధుల్లోకి విద్యార్థులు వచ్చారు, జాతీయ అసెంబ్లీ ఆ ఒప్పందాన్ని ఏకగ్రీవంగా తోసిపుచ్చింది. ఇక్కడ రక్షణ శాస్త్రం ఒక ముఖ్యమైన మలుపు తిరిగింది. అప్పటికే మిడ్‌వే తరగతి విమానవాహక నౌకలు వచ్చేశాయి. 110 అడుగుల వెడల్పున్న లాకుల్లో అవి పట్టవు. ఒక్క అణుబాంబు గాటూన్ ఆనకట్ట మీద పడితే సరస్సు ఖాళీ అవుతుందని, దానికి ఫిరంగులు అడ్డు కావని సైన్యానికీ తెలుసు. తన పెద్ద ఓడలు దూరలేని కాలువను, తాను ఆపలేని బాంబు నుంచి కాపాడేందుకు వేల మంది సైనికులు అక్కడే ఉండిపోయారంటే కారణం వేరే ఉండాలి. ఉంది. అద్దె ఇంట్లో దిగి, తాళం మార్చి, ఇల్లుగలవాడు అద్దె పెంచమని గుమ్మంలోకి వస్తాడేమోనని తుపాకీ పట్టుకుని కూర్చున్న మనిషి పరిస్థితే అది. అద్దె పెంపు గురించి అంటే, 1936 సంధితో ఏడాదికి 4,30,000, 1955 సంధితో 19,30,000 డాలర్లు అయింది.

ఆ తుపాకీకి 1964లో పని దొరికింది. జోన్‌లోని పౌర స్థలాల్లో అమెరికా జెండా ఎగిరే చోట పనామా జెండా కూడా ఎగరాలని కెనడీ కాలంలో ఇరు దేశాలూ ఒప్పుకున్నాయి. గవర్నరు ఫ్లెమింగ్ వివేకంతో ఆలోచించి, బడుల ముందు రెండు జెండాలు ఎగరేసే బదులు ఏ జెండా ఎగరేయకపోతే గొడవే ఉండదని తేల్చాడు. బల్బోవా హైస్కూలులో చదివే అమెరికన్ పిల్లలు ఆ సూక్ష్మం గ్రహించక తమ జెండాను తామే ఎగరేశారు. జనవరి 9న పనామా నగరంలోని ఇన్‌స్టిట్యూటో నాసియోనాల్ విద్యార్థులు సుమారు 200 మంది తమ బడి జెండా పట్టుకుని, పక్కనే అది కూడా ఎగరేయాలని నడిచి వచ్చారు. వారిలో కొద్దిమందిని స్తంభం దాకా రానిచ్చారు. అక్కడి తోపులాటలో ఆ జెండా చిరిగింది. గవర్నరు ఆ సాయంత్రమే విమానమెక్కి వాషింగ్టన్ బయలుదేరాడు. అధికారం సైన్యం చేతికి వచ్చింది. శత్రువు సముద్రం నుంచి కాదు, జూలై నాలుగు వీధి అని పేరున్న రోడ్డు దాటి వచ్చాడు. అతని వయసు పదో తరగతికి అటూ ఇటూ ఉంటుంది. గొడవలు సద్దుమణిగేసరికి పనామా వైపు ఇరవై మందికి పైగా, అమెరికా సైనికులు నలుగురు చనిపోయారు. పనామా దౌత్య సంబంధాలు తెంచుకుంది. ఆ వీధి పేరు ఇప్పుడు అమరవీరుల వీధి.

ఆ తరువాత జరిగినవి త్వరగా చెప్పవచ్చు. 1977 సెప్టెంబరు 7న అమెరికా అధ్యక్షుడు కార్టర్, పనామా నేత టోరిహోస్ కలిసి, కాలువను పనామాకు అప్పగించే సంధుల మీద సంతకాలు చేశారు. అది మనం న్యాయంగానే దొంగిలించుకున్నదని కాలిఫోర్నియా సెనేటర్ హయకావా అప్పట్లో చేసిన వ్యాఖ్య ఒక్కటి చాలు, జాన్ హే ఉత్తరం నాటి మొహమాటం ఎంతగా తగ్గిందో చూపడానికి. 1979 అక్టోబరు 1న జోన్ రద్దయింది. 1989 డిసెంబరు 20న, ఫోర్ట్ గులిక్ పాఠశాల పూర్వ విద్యార్థి, పనామా సైనిక పాలకుడు నోరియేగాను పట్టుకోవడానికి అమెరికా సైన్యం పనామాను ముట్టడించింది. కాలువ సంధిని కాపాడటం కూడా తమ ఉద్దేశాల్లో ఒకటని అధ్యక్షుడు బుష్ చెప్పాడు. కాపాడేవారు వచ్చిన ఆ రోజు ఓడల రాకపోకలు దాదాపు ఒక రోజు ఆగిపోయాయి. 1999 డిసెంబరు 31న కాలువ పనామా చేతికి వచ్చింది.

పనామావారు దాన్ని చెడగొడతారన్న జోస్యం ఫలించలేదు. వారు 2016లో మరింత వెడల్పైన లాకులు కూడా కట్టారు. కాలువను నిజంగా ఇబ్బంది పెట్టింది 2023లో రాని వాన. ఒక్క ఓడ దాటడానికి గాటూన్ సరస్సు నుంచి సుమారు 20 కోట్ల లీటర్ల మంచినీరు సముద్రంలోకి పోతుంది. సరస్సు తగ్గేసరికి రోజుకు 36 ఓడలు పోవలసిన చోట 2024 ఆరంభంలో 24కి కుదించారు. మేఘాల మీదికి ఏ కోట నుంచి ఏ ఫిరంగి గురిపెట్టాలో పాత జోన్ దస్త్రాల్లో ఎక్కడా లేదు. అందుకే కాలువ యాజమాన్యం రియో ఇండియో నది మీద కొత్త ఆనకట్ట తలపెట్టింది. ఆ లోయలో సుమారు రెండు వేల మంది ఇళ్లూ పొలాలూ వదులుకోవాలి. వారు వద్దంటున్నారు, కాలువ అవసరం దేశం అవసరమని అధికారులు నచ్చచెబుతున్నారు. పోలవరం ముంపు గ్రామాలవారికి ఈ సంభాషణ వివరించనక్కరలేదు. 1912 నాటి టాఫ్ట్ ఉత్తర్వు నకలు ఒకటి ఆ లోయలోని సర్వే అధికారుల దగ్గర ఉంటే వారికి చాలా శ్రమ తగ్గేది, పైగా ఈసారి దాన్ని వారు తమ సొంత భాషలో, తమ సొంత జెండా కింద చదివి వినిపించవచ్చు.