చేతకాక తీసేది కాదు ప్రయోగ చిత్రం

ఈ మధ్య వాట్సాప్ గ్రూపుల్లో ఒక మాట బాగా తిరుగుతోంది: "కథ చెప్పడం చేతకానివాళ్ళు కెమెరాని అటూ ఇటూ ఊపి, దానికి ప్రయోగాత్మక చిత్రమని పేరు పెడతారు. చేతిలో ఫోనుంటే ఒక్క పూటలో ఎవరైనా తీసెయ్యొచ్చు. అయినా అది ఎవరికి పనికొస్తుంది?" కొన్నేళ్ళుగా ఇలాంటి, కథ మీద ఆధారపడని చిత్రాలే చేస్తున్నదాన్ని. అందుకే మాటకు మాట జవాబు చెప్తున్నాను.

కథ చేతకాకపోవడం సంగతి. ప్రమోద్ పతి అనే దర్శకుడు, ప్రభుత్వం తరఫున డాక్యుమెంటరీలు తీసే ఫిల్మ్స్ డివిజన్‌లో పనిచేశాడు. కుటుంబ నియంత్రణ లాంటి విషయాలు జనానికి అర్థమయ్యేలా చూపించడం ఆయన ఉద్యోగం. 1968లో ‘ఎక్స్‌ప్లోరర్’ తీసిందీ ఆయనే. ఏడు నిమిషాల ఆ చిత్రంలో చిందులేసే కుర్రకారు, దేవుళ్ళ బొమ్మలు, ప్రయోగశాల పరికరాలు రెప్పపాటులో మారిపోతుంటాయి. విడమరిచి చెప్పడం బాగా తెలిసిన మనిషే, ఇక్కడ అది వద్దనుకున్నాడు. గేయం రాసినవాణ్ణి "నవల రాదా?" అని ఎవరూ నిలదీయరు కదా.

కెమెరా ఊపడమంటారా, 1963లో అమెరికా దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ ‘మోత్‌లైట్’ అనే చిత్రాన్ని అసలు కెమెరా లేకుండానే చేశాడు. చిమ్మెట రెక్కలు, పూరేకులు, గడ్డిపరకలు రెండు పారదర్శక టేపుల మధ్య అతికించి, దాన్నే ప్రింటు వేయించాడు.

నాకు ఎక్కువ బాధ కలిగించింది ఆ "ఒక్క పూట" మాట. 16 మిల్లీమీటర్ల వెడల్పుండే ఫిల్ములో ఒక్కో ఫ్రేము, అంటే ఒక్కో బొమ్మ, చిటికెనవేలి గోరంత ఉంటుంది. అలాంటివి 24 కలిస్తే ఒక సెకను. కెమెరా లేకుండా ఫిల్ము మీదే బొమ్మ గీసే పద్ధతి ఒకటుంది: పూర్తిగా నల్లగా ఉన్న రంగుల ప్రింటు ఫిల్ము తీసుకుని సూదిమొనతో మెల్లగా గీకితే ఆకుపచ్చ గీత పడుతుంది. కాస్త నొక్కితే పసుపు. అడుగుదాకా పోతే తెలుపు. పొర మీద పొరగా ఉన్న రంగులు ఒక్కొక్కటే ఊడివస్తాయన్నమాట. మొదటిసారి ఒక సాయంత్రమంతా మెడ వంచి గీకితే నాకు దక్కింది నాలుగు సెకన్లు. అదీ తెరమీద వణికిపోయింది. గీత పక్క ఫ్రేములో వెంట్రుకవాసి జరిగినా తెరమీద జానెడు దూకుతుంది మరి. ఎంత నొక్కాలో మణికట్టుకి తెలిసేసరికి నెలలు పట్టింది. ఆస్ట్రియా దర్శకుడు పీటర్ కుబెల్కా 1958లో చేసిన ‘ష్వెచాటర్’ నిడివి ఒక్క నిమిషం. అందులోని 1440 ఫ్రేముల్లో ఏది ఎక్కడ రావాలో లెక్క కట్టి మరీ కూర్చాడు. ఫోనుతో మంచి పని చేస్తున్నవాళ్ళూ ఉన్నారు, కానీ వాళ్ళకీ ఒక పూట చాలదు.

నాసిరకం పనులు లేవా అంటే ఉన్నాయి. ప్రదర్శనశాలలో చిత్రం పక్కన గోడమీద అంటించిన వివరణ తీసేస్తే ఏమీ మిగలనివి నేనూ చూశాను. కాకపోతే పేలవమైన కథాచిత్రాలు చూసి కథలే దండగ అని ఎవరూ అనరు.

ఇక ఉపయోగం. 1935లో లెన్ లై నేరుగా ఫిల్ము మీద రంగులు పూసి చేసిన ‘ఎ కలర్ బాక్స్’ బ్రిటిష్ తపాలా శాఖ పార్సిళ్ళకి ప్రకటన. ఇందాక చెప్పిన కుబెల్కా చిత్రం ఒక బీరు కంపెనీ అడిగి చేయించుకున్నది. నా మటుకు నాకు, ఉపయోగమంటే అమెరికా వీడియో కళాకారుడు బిల్ వయోలా 1995లో చేసిన ‘ది గ్రీటింగ్’. ఇద్దరు ఆడవాళ్ళు మాట్లాడుకుంటుంటే మూడో ఆవిడ వచ్చి ఒకరిని కావలించుకుని చెవిలో ఏదో చెబుతుంది. జరిగింది 45 సెకన్లు. తెరమీద పది నిమిషాలు సాగుతుంది. మామూలు వేగంలో ఆ కౌగిలి ఒక్కటే చూసి వెళ్ళిపోతాం. ఇక్కడ మాత్రం పక్కన ఒంటరిగా మిగిలిపోయిన ఆవిడ ముఖం కూడా కనిపిస్తుంది.