బొమ్మ తగ్గినా బిల్లు తగ్గదేం స్టిక్కుగారూ!

మహారాజశ్రీ స్ట్రీమింగ్ స్టిక్కుగారి దివ్యసముఖానికి,

టీవీ ఎదుట కూర్చున్న చందాదారు నమస్కరించి చేయు విన్నపం. ఉభయకుశలోపరి. ఇక్కడ మేమంతా క్షేమం. టీవీ వెనక వేలాడుతూ, నెట్ నుంచి సినిమాలు తెచ్చి చూపిస్తూ, వేడెక్కుతూ తమరూ క్షేమంగానే ఉన్నారని తలుస్తాను.

మీ మీద గౌరవం లేక కాదు ఈ ఉత్తరం. వేలెడంత ఒంటితో ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టేశారు, అదేం తక్కువ పని కాదు. హోమ్ బటన్ నొక్కితే మేం డబ్బు కట్టిన యాప్‌లు ఓ మూల నక్కి ఉంటాయి, కట్టనివి మాత్రం స్క్రీన్ నిండా పరుచుకుని ఉంటాయి. సరే, ఆ గొడవ ఇంకోసారి. ఇవాళ్టి నా బాధ బొమ్మ గురించీ, బిల్లు గురించీ.

మీకు అడాప్టివ్ స్ట్రీమింగ్ అనే విద్య వచ్చు. సినిమాని కొన్ని సెకన్ల ముక్కలుగా కోసి, ప్రతి ముక్కనీ రకరకాల క్వాలిటీల్లో సర్వర్లో సిద్ధంగా ఉంచుతారు. నెట్ హుషారుగా ఉంటే మంచి ముక్క తెచ్చిస్తారు, నీరసిస్తే నాసిరకం ముక్క. హీరో తెర మీదికి వచ్చిన కాసేపటికిగానీ అతని ముక్కూ కళ్లూ రాకపోవడానికి కారణం ఇదే. విద్య మంచిదే, కాదనను. గుండ్రంగా తిరిగే చక్రాన్ని చూస్తూ కూర్చోవడం కంటే మసక బొమ్మ నయం. నా అనుమానమల్లా, ఇదే విద్య బిల్లుకి ఎందుకు నేర్పలేదని. నెట్ పడకేసిన నెలలో చందా కూడా కొంచెం మసకబారాలి కదా! అబ్బే. కార్డు మీద కోత మాత్రం ప్రతి నెలా ఫుల్ క్వాలిటీలో, క్షణం బఫరింగ్ లేకుండా పడుతుంది.

2020 మార్చి గుర్తుందా? లాక్‌డౌన్లో జనమంతా ఇళ్లలో కూర్చుని చూడడం మొదలుపెట్టారు. నెట్‌వర్కులు తట్టుకోలేవేమోనని యూరోపియన్ యూనియన్ కంగారుపడింది. నెట్‌ఫ్లిక్స్ అక్కడ బిట్‌రేట్లు, అంటే సెకనుకి పంపే డేటా, తగ్గించి, దాంతో తన ట్రాఫిక్ 25 శాతం దాకా తగ్గుతుందని చెప్పింది. 4కే అనే అతి స్పష్టమైన బొమ్మ ప్లాన్ వాళ్లకి 4కేనే, దాని కింది మెట్టు హెచ్‌డీ వాళ్లకి హెచ్‌డీనే అందుతుందని భరోసా కూడా ఇచ్చింది. అందులో అబద్ధమేమీ లేదు. తెర మీద చుక్కల సంఖ్య మారదు, ఆ చుక్కల్ని నింపడానికి పంపే డేటా తగ్గుతుంది, అంతే. ఆ గడ్డు రోజుల్లో అలా చేయడం తప్పని కూడా నేననను. కానీ ప్లాన్ పేరు చెక్కుచెదరకుండా లోపలి సరుకుని తగ్గించవచ్చని లోకానికంతా తెలిసిపోయింది. చందా మాత్రం తగ్గలేదని వేరే చెప్పాలా? ఆ మాటకొస్తే 4కే బ్లూరే డిస్కు సెకనుకి 100 మెగాబిట్లు దాటి ఇవ్వగలదు. మీరు అందులో చిన్న వంతుతో సరిపెడతారు. పెట్టె మీద ముద్ర మాత్రం ఇద్దరిదీ ఒకటే.

ఇంతకీ ఆ 4కే అయినా ఇంటికి చేరుతుందా? 3840 అడ్డం, 2160 నిలువు, దాదాపు 83 లక్షల చుక్కలు. ఫుల్ హెచ్‌డీకి నాలుగు రెట్లు. ఆ ఆశతోనే పెద్ద ప్లాన్ కట్టాం. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడంటారు, ఇక్కడ పూజారులు గుంపుగా ఉన్నారు. టీవీ 4కే అయి ఉండాలి, తమరూ 4కే అయి ఉండాలి. తమర్ని గుచ్చే హెచ్‌డీఎంఐ పోర్టుకి హెచ్‌డీసీపీ 2.2 అనే కాపీరైట్ తాళంచెవి తెలిసి ఉండాలి. మధ్యలో సౌండ్‌బార్ గుండా వైరు వెళ్తే దానికీ తెలిసి ఉండాలి. కొన్ని టీవీల్లో ఏ పోర్టుకా పోర్టు ఎన్‌హాన్స్‌డ్ అనే సెట్టింగ్ ఆన్ చేయాలి, అది మెనూలో ఏ పాతాళంలో ఉంటుందో కంపెనీకే ఎరుక. నెట్ నిలకడగా సెకనుకి 15 మెగాబిట్లు రావాలని నెట్‌ఫ్లిక్స్ లెక్క. ఆండ్రాయిడ్ బాక్సు అయితే వైడ్‌వైన్ అనే ఇంకో కాపీరైట్ తాళంలో పై మెట్టు ఎల్1 సర్టిఫికెట్ ఉండాలి. కింది మెట్టు ఎల్3 మాత్రమే ఉంటే, ఎంత ఖరీదైన ప్లాన్ కట్టినా చాలా యాప్‌లు హెచ్‌డీకి కూడా అందని ఎస్‌డీ బొమ్మే ఇచ్చి పంపుతాయి.

ఇందులో ఏ ఒక్కటి తప్పినా తమరు నోరు విప్పరు! కార్డు గడువు తీరిందంటే స్క్రీన్ నిండా ఎర్రక్షరాలు చూపిస్తారే, బొమ్మ ఒక మెట్టు దిగితే చిన్న చీటీ కూడా రాదు. పైగా టీవీ దగ్గర మీరాడే అబద్ధం ఒకటుంది. వచ్చింది నాసిరకం బొమ్మే అయినా దాన్ని సాగదీసి 4కే సైజులో టీవీకి అందిస్తారు. ఇన్ఫో బటన్ నొక్కితే ఆ అమాయకపు టీవీ గర్వంగా 2160పీ అని చూపిస్తుంది. కస్టమర్ కేర్‌కి ఫోన్ చేస్తే యాప్ వాళ్లు నెట్ అంటారు, నెట్ వాళ్లు స్టిక్ అంటారు, స్టిక్ వాళ్లు టీవీ అంటారు. టీవీ వాళ్లు ఆపి ఆన్ చేయమంటారు. ఇంతమందిలో ఒక్కరూ తప్పు తమదేమో అనరు.

అసలు మా కళ్లకి 4కే అవసరమా అని మీరు ఎదురడగవచ్చు. మంచి ప్రశ్న. మామూలు చూపున్న మనిషి 55 అంగుళాల టీవీకి 7 అడుగులు దాటి కూర్చుంటే, ఫుల్ హెచ్‌డీ చుక్కలే విడివిడిగా కనబడవు. ఇంకా సన్నం చేసి ఏం లాభం? తేడా తెలిసేది వెలుగునీడల్లో, రంగుల్లో, చీకటి సీన్లలో గోడ మీద గళ్లు పడకపోవడంలో. అంటే వెలుగునీడల తేడాని పెంచి చూపే హెచ్‌డీఆర్‌లోనూ, బిట్‌రేట్లోనూ. నన్నడిగితే మంచి బిట్‌రేట్‌తో వచ్చే ఫుల్ హెచ్‌డీ, నీళ్లు కలిపిన 4కే కంటే ఎంతో మేలు. కానీ హెచ్‌డీఆర్ కావాలంటే చాలాచోట్ల 4కే ప్లానే కట్టాలి. విడిగా అమ్మరు.

ప్రకటనల బాధ పడలేకే కదా జనం టీవీ ఛానళ్లు వదిలి మీ పంచన చేరింది. 2022లో నెట్‌ఫ్లిక్స్ ప్రకటనల ప్లాన్ తెచ్చింది. 2024లో అమెజాన్ ప్రైమ్ వీడియో ఉన్న చందాదారులకే ప్రకటనలు మొదలుపెట్టి, అవి వద్దంటే అదనంగా కట్టమంది. డాల్బీ విజన్ అనే మేలురకం బొమ్మ, డాల్బీ అట్మాస్ అనే చుట్టూ వినబడే శబ్దం కూడా ఆ అదనం కట్టినవాళ్లకే అంది. కొత్తగా ఏదైనా ఇచ్చి డబ్బడిగితే వ్యాపారం. ఇచ్చినది వెనక్కి తీసుకుని డబ్బడిగితే దాన్నేమంటారో తమరే సెలవివ్వాలి.

చందాలో చేరడానికి రిమోట్ మీద ఒక్క నొక్కు చాలు. మానాలంటే యాప్‌లో దారి ఉండదు, వెబ్‌సైట్‌కి పొమ్మంటారు. అక్కడికి వెళ్తే, మీరు ఫలానా స్టోర్ ద్వారా కట్టారు, అక్కడే అడగండి అంటారు. యాప్ డిలీట్ చేస్తే పీడ విరగడైందనుకుంటారు కొందరు. యాప్ పోతుంది, కోత పోదు. అందుకే మాలాంటివాళ్లం కొత్త ఎత్తు నేర్చాం. చాలా యాప్‌లు రద్దు చేశాక కూడా కట్టిన గడువు దాకా చూడనిస్తాయి. కాబట్టి కట్టిన పూటే రద్దు చేస్తాం. ఫ్రీ ట్రయల్‌కి మాత్రం ఈ ఎత్తు అన్నిచోట్లా పారదు, కొందరు అక్కడికక్కడే తలుపేస్తారు. ఒక నెల ఒక యాప్, మరుసటి నెల ఇంకొకటి. దీనికి మీవాళ్లు పైఎత్తు వేశారు, సిరీస్ మొత్తం ఒకేసారి వదలకుండా వారానికో ఎపిసోడ్ చొప్పున. కథ రెండు నెలలకి సాగిందంటే చందా కూడా రెండు నెలలకి సాగినట్టే.

ఇక అసలు విన్నపం. రిమోట్ ముట్టుకోకుండా వరసగా కొన్ని ఎపిసోడ్లు చూస్తే "ఇంకా చూస్తున్నారా?" అని అడుగుతారు మీరు. ఎంత శ్రద్ధ! ఆ ప్రశ్నే డబ్బు కోసే ముందు రోజు అడగండి. ఈ యాప్ చివరిసారి ఎప్పుడు తెరిచారు, ఈ నెల మీకు అందింది 4కేనా ఎస్‌డీనా, ఇంకా కావాలా వద్దా అని. సాంకేతికంగా కష్టమని మాత్రం అనకండి. చేరి ఏడాదైనా ఏమీ చూడని చందాదారుల్ని కొనసాగుతారా అని అడుగుతామని, జవాబు రాకపోతే చందా తామే రద్దు చేస్తామని 2020 మేలో నెట్‌ఫ్లిక్స్ చెప్పింది. ఏడాది చూడకపోయాక అడగగలిగినవాళ్లకి, నెల చూడకపోయాక అడగడం రాదా?

కోత తేదీ దగ్గరపడుతోంది. ఈలోగా జవాబు దయచేయించగలరు.

ఇట్లు,
4కేకి కట్టి, చూస్తున్నదేమిటో తెలియని
మీ చందాదారు