బందరు బట్ట కథ మనకెవరు చెప్తారు?

గ్రూప్స్‌కి ప్రిపేర్ అయ్యే ఏ కుర్రాణ్ణి అడిగినా టక్కున చెప్తాడు: డచ్చివాళ్ళు మచిలీపట్నం వచ్చింది 1605లో, ఇంగ్లీషువాళ్ళు 1611లో, గోల్కొండ సుల్తాను ఇంగ్లీషువాళ్ళకి వ్యాపార హక్కులిస్తూ గోల్డెన్ ఫర్మానా ఇచ్చింది 1632లో. పాఠం అక్కడితో సరి. ఎందుకు వచ్చారంటే వ్యాపారానికంటాడు. ఏం కొన్నారంటే బట్టలంటాడు. ఆ బట్టలు ఎక్కడికి వెళ్ళాయంటే యూరప్‌కి అంటాడు. మొదటి కొన్ని దశాబ్దాల సంగతి చూస్తే ఈ చివరి జవాబు చాలా మటుకు తప్పు. తప్పు ఆ కుర్రాడిది కానే కాదు, మనం చరిత్ర చెప్పే తీరుది. చాలా ఏళ్ళుగా నన్ను తొలుస్తున్న విషయం ఇది. అందుకే కాస్త పొడుగైనా రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి.

డచ్చివాళ్ళకి అసలు కావలసింది లవంగాలు, జాజికాయ, జాపత్రి. అవి అప్పట్లో ఇప్పటి ఇండోనేషియా తూర్పు కొసన ఉన్న మలుకు దీవుల్లోనే కాసేవి. ఆ దీవులవాళ్ళకి వెండి నాణేలకన్నా బట్ట మీద మక్కువ ఎక్కువ. అదీ ఏదో ఒక బట్ట కాదు. గుజరాత్ నుంచీ మన కోరమాండల్ తీరం నుంచీ తరతరాలుగా తమకి అందుతున్న నూలు బట్టే కావాలి. రంగు తేడా వచ్చినా, అంచు మారినా వద్దనేవారు. అంటే బట్ట చేతిలో లేకపోతే లవంగం దొరకదు. డచ్చివాళ్ళు బందరులో దిగింది అందుకు. ఇక్కడ కొన్న బట్ట తొలి దశాబ్దాల్లో ఎక్కువగా జావా, సుమత్రా, మలుకు, సయాం (ఇప్పటి థాయ్‌లాండ్) వైపే వెళ్ళింది. యూరప్ పెద్ద ఎత్తున కొనడం మొదలుపెట్టింది పదిహేడో శతాబ్దం రెండో సగంలో.

అన్ని రేవులుండగా బందరే ఎందుకు? దీనికి జవాబు నేలలో ఉంది. కృష్ణా డెల్టా అంచున, సముద్రం పక్క ఇసుక నేలల్లో చిరివేరు అనే చిన్న మొక్క పెరిగేది. దాని వేరు నుంచి ఎర్ర రంగు తీసేవారు. గవ్వల సున్నం కలిసిన ఇసుకలో పెరిగిన వేరుకి ఎరుపు బాగా పడుతుంది. నిజాంపట్నం వైపు చిరివేరుకి అప్పట్లో మంచి పేరు. బట్టని ముందు కరక్కాయ రసంలో, గేదె పాలల్లో నానబెడతారు. ఎరుపు పట్టాల్సిన చోట పటిక నీళ్ళు అద్దుతారు. నలుపుకి ఇనుప తుప్పు, బెల్లం కలిపి పులియబెట్టిన ద్రవం వాడతారు. ఆ తర్వాత రంగులో ఉడకబెట్టడం, పారే నీళ్ళలో ఉతకడం, ఎండలో పరచడం, మళ్ళీ మొదటి నుంచి. ఇంత చేశాక ఆ రంగు ఎన్ని ఉతుకులకీ పోదు. నూలు మీద ఇలా నిలిచే రంగు వేయడం అప్పటి యూరప్‌కి రాదు. నూలు ఒడికిన ఆడవాళ్ళు, నేసినవాళ్ళు, చలువ చేసినవాళ్ళు, కలం పట్టి గీసినవాళ్ళు, చిరివేరు తవ్వినవాళ్ళు, ఎద్దుల మీద పత్తి తోలుకొచ్చిన లంబాడీలు, ఇంతమంది పని కలిస్తే ఒక్క బట్ట.

ఇక ఆ గీతలు చూడండి. అయుత్తయలోని సయాం రాజసభ తమకి కావలసిన నమూనాలు ఇక్కడికి పంపి, వాటి ప్రకారం బట్టలు చేయించుకునేది. ఇరాన్‌కి వెళ్ళే బట్ట మీద వేరే తీగలు, వేరే పువ్వులు. జపాన్‌లో తేనీటి వేడుకల్లో వాడే చిన్న పాత్రలకి సంచులు కుట్టడానికి మన అద్దకపు బట్టల తునకల్ని అపురూపంగా దాచుకున్నారు. బందరు చుట్టుపక్కల పల్లెలో కూచున్న ఒక చిత్రకారుడు, తాను ఎన్నడూ చూడని దేశాల వాళ్ళ ఇష్టాయిష్టాలు తెలిసి గీశాడు. నా దృష్టిలో ప్రపంచ చరిత్ర అంటే ఇదే. అది వాస్కో డ గామాతో మొదలవ్వదు, ఓడ దిగిన దొరల జాబితాతో పూర్తవ్వదు.

వాట్సాప్‌లో తిరిగే మరో రకం చరిత్ర గురించీ చెప్పాలి. ‘ప్రపంచానికి బట్ట కట్టింది మనమే, తెల్లవాళ్ళు మన బట్టలకి భయపడి నిషేధించారు’ అని. నిషేధం నిజమే. ఫ్రాన్స్ 1686లో అద్దకపు నూలు బట్టల్ని నిషేధించి 1759 దాకా ఎత్తేయలేదు. ఇంగ్లండ్ 1700లో ఒక చట్టం, 1721లో ఇంకా గట్టి చట్టం తెచ్చింది. 1719లో లండన్ నేతగాళ్ళు ఈ బట్టలు కట్టుకున్న ఆడవాళ్ళ మీద వీధుల్లోనే పడి గౌన్లు చింపేశారు. నాకూ ఇవి చదివితే గర్వంగానే ఉంటుంది. కానీ కథని అక్కడ ఆపేస్తే మనల్ని మనం మోసం చేసుకున్నట్టే.

ఎందుకంటే అదే బట్ట ఇంకా చాలా చోట్లకి వెళ్ళింది. జాజికాయ మొత్తం తమ గుప్పిట్లో ఉండాలని 1621లో డచ్ ఈస్టిండియా కంపెనీ మలుకులో ఆ కాయ కాసే బండా దీవుల జనాన్ని దాదాపు తుడిచిపెట్టేసింది. చంపగా మిగిలినవాళ్ళలో చాలామందిని బానిసలుగా పట్టుకెళ్ళారు. పశ్చిమ ఆఫ్రికా తీరంలో మనుషుల్ని కొనడానికి యూరప్ వర్తకులు ఇచ్చిన సరుకుల్లో కోరమాండల్ బట్టలూ ఉన్నాయి. మన తీరంలో కరువు వచ్చిన ఏళ్ళలో ఆకలికి అమ్ముడుపోయిన మనుషుల్ని డచ్ ఓడలు బటావియాకి, అంటే ఇప్పటి జకార్తాకి, తీసుకెళ్ళాయి. 1630 తర్వాత వచ్చిన మహా కరువులో నేతగాళ్ళూ చలువ చేసేవాళ్ళూ పెద్ద సంఖ్యలో చనిపోయారు. బట్ట లండన్‌లో ఎంత ధర పలికిందో మురిసిపోతూ చెప్పేవాళ్ళు, ఆ ఏడాది మగ్గం మీద కూచున్న మనిషి అన్నం తిన్నాడా అని ఎందుకు అడగరు? ఆ ప్రశ్న లేని చరిత్ర ఎంత పెద్దదైనా నాకు అక్కర్లేదు.

ఇంకోటి. ఈ కథలో యూరప్ వాళ్ళు ఒక పక్క మాత్రమే. బందరు నుంచి పర్షియా గల్ఫ్‌కీ, ఎర్ర సముద్రానికీ, సుమత్రాలోని అచేకీ, ఇప్పటి బర్మాలోని పెగు, తెనాసెరిమ్‌లకీ గోల్కొండ ఓడలు వెళ్ళేవి. ఇరాన్ నుంచి వచ్చిన మీర్ జుమ్లా గోల్కొండలో మంత్రి స్థాయికి ఎదిగాడు, అతనికి సొంత ఓడలుండేవి. 1680లలో సయాంకీ గోల్కొండకీ సముద్రం మీద యుద్ధం దాకా వచ్చింది. ఈ సంగతి మన పిల్లల్లో ఎంతమంది విని ఉంటారు?

అసలు మన దగ్గర ఆధారాలు లేవా అంటే, ఉన్నాయి, తెలుగులోనే ఉన్నాయి. శ్రీనాథుడు హరవిలాసాన్ని అంకితమిచ్చింది అవచి తిప్పయ శెట్టి అనే వర్తకుడికి. సింహళం నుంచి ఏనుగులు, హురుముంజి (హోర్ముజ్) నుంచి గుర్రాలు, భోట దేశం (టిబెట్) నుంచి కస్తూరి, చీనా నుంచి పట్టు తెప్పించేవాడని అందులో ఒక సీసపద్యం. అది హిందూ మహాసముద్ర వ్యాపారానికి ఆరు వందల ఏళ్ళ కిందటి చిరునామా పుస్తకం. తెలుగు ఎం.ఏ. క్లాసులో దాన్ని అలంకారం కోసం చదువుతారు. చరిత్ర ఎం.ఏ. క్లాసులో దాన్ని చదవనే చదవరు. మోటుపల్లిలో గణపతిదేవుడు 1244లో వేయించిన అభయ శాసనం చూడండి. అంతకుముందు రాజులు తుఫానుకి ఒడ్డున పడ్డ ఓడల సరుకంతా లాగేసుకునేవారు, ఇక మీదట నిర్ణయించిన సుంకం తప్ప ఏమీ తీసుకోం అని పరదేశ వర్తకులకి మాటిచ్చాడు. ఆ శాసనం పరీక్షలో తేదీగా వస్తుంది. సముద్రం మీద నష్టపోయినవాడికి రక్షణ ఇవ్వాలని ఒక రాజుకి ఎందుకు అనిపించింది, దాని వల్ల రేవుకి ఏం లాభం, ఈ చర్చ ఎక్కడా రాదు. నాగార్జునకొండ శాసనం సరే సరి, చీనా, గాంధారం, కాశ్మీరం, తామ్రపర్ణి (అంటే సింహళం) అన్నీ మూడో శతాబ్దంలోనే అక్కడ రాతి మీద ఉన్నాయి.

డచ్ కంపెనీ కాగితాలు హేగ్‌లో కిలోమీటరుకి పైగా పొడవున అరల్లో ఉన్నాయి. 2003లో యునెస్కో వాటిని ప్రపంచ స్మృతి జాబితాలో చేర్చింది. వాటితో ఇంగ్లీషులో మంచి పుస్తకాలు చాలా వచ్చాయి, వాటి మీద నాకు గౌరవం ఉంది. కానీ కంపెనీ గుమాస్తా రాసిన కాగితంలో నేతగాడు ఎక్కువగా అడ్వాన్సు తీసుకున్న బాకీదారుగానే కనిపిస్తాడు. ఆ లెక్క పక్కన మన శాసనాలు, ఊళ్ళ చరిత్రలు రాసిపెట్టిన కైఫీయతులు, కులాల కథలు, బందరు దగ్గర పెడనలో ఇవాళ్టికీ అద్దకం పని చేస్తున్నవాళ్ళ జ్ఞాపకాలు పెట్టి చదివితే తప్ప అతను మనిషిగా కనబడడు. ఆ పని ఈ ఊళ్ళు తెలిసినవాళ్ళు, ఈ భాష వచ్చినవాళ్ళు చేయాలి.

కాబట్టి రెండు రాష్ట్రాల విశ్వవిద్యాలయాలనీ నేను అడిగేది ఇదీ. చరిత్ర విద్యార్థులకి పాత డచ్చి, పారశీకం నేర్పే కోర్సులు పెట్టండి. తెలుగు శాఖనీ చరిత్ర శాఖనీ ఒకే గదిలో కూచోబెట్టి హరవిలాసం చదివించండి. డచ్చి ఉత్తరాల్ని ఇంగ్లీషు మీదుగా కాకుండా నేరుగా తెలుగులోకి తెప్పించండి. ముందు పాలకొల్లు, ద్రాక్షారామం డచ్చి కోఠీల (వర్తక స్థావరాల) సంగతులున్నవి తీసుకోండి, ఆ ఊళ్ళ హైస్కూలు పిల్లలు తమ వీధుల పేర్లు అందులో వెతుక్కుంటారు.