ఒక్క పూట బ్యాంకాకు, ముప్పై మంది మొహమాటం

రొయ్యల మేత కంపెనీలకీ, ఎరువుల కంపెనీలకీ, ఆఖరికి రంగుడబ్బాల కంపెనీలకీ కూడా డీలరు టార్గెట్ కొడితే పంపడానికి ఒకటే ఊరు తెలుసు. బ్యాంకాకు. భీమవరం, పాలకొల్లు, నరసాపురం చుట్టుపక్కల ఆ ఊరు చూసిరాని డీలరు కోసం వెతకాలి. ప్రతి ట్రిప్పులోనూ ఒక పూట సిటీ టూరు తప్పకుండా ఉంటుంది. పొద్దున్న ఎనిమిదింటికి మొదలు, మధ్యాహ్నం ఒంటిగంటకి ముగింపు, రెండు గుళ్ళు, ఒక షాపు. కాగితం మీద ఐదు గంటలకీ లెక్క సరిపోతుంది. ఆ లెక్క వేసినవాడు మనవాళ్ళ మర్యాదని అందులో కలపలేదు, అంతే.

ముందు ఓచరు సంగతి, అంటే టూరులో ఏమేం ఉన్నాయో రాసిచ్చే కాగితం. అందులో చూడాల్సింది గుళ్ళ పేర్లు కాదు, వాటి పక్కనున్న చిన్న అక్షరాలు. ‘విజిట్’ అని ఉంటే బస్సు దిగుతారు. ‘డ్రైవ్ పాస్ట్’ అని ఉంటే అద్దం పక్కన కూర్చున్నవాళ్ళకి గోపురం కనిపిస్తుంది, అవతలి వరసవాళ్ళకి వీళ్ళ బుర్రలు కనిపిస్తాయి. గ్రాండ్ ప్యాలెస్ చాలా ఓచర్లలో ఈ రెండో రకం. లోపలికి వెళ్ళాలంటే విదేశీయులకి టికెట్టు 500 బాట్లు. బాటు రెండున్నరకీ మూడు రూపాయలకీ మధ్య ఆడుతుంటుంది, ముప్పై మందిని పెట్టి గుణించుకోండి. అందుకని గైడమ్మ బస్సులోంచే తెల్లగోడ చూపించి, లోపల మరకత బుద్ధుడున్నాడనీ, ఎండాకాలం, వానాకాలం, చలికాలం మారినప్పుడల్లా రాజుగారే స్వయంగా ఆయన వస్త్రం మారుస్తారనీ చెబుతుంది. మనవాళ్ళు గోడకే దణ్ణం పెట్టేసుకుంటారు.

తర్వాత గడియారం. బ్యాంకాకు మనకంటే గంటన్నర ముందు. అక్కడి నెట్‌వర్కు దొరికితే ఫోను తనంతట తనే మారుతుంది. రోమింగ్ వేయించుకోకుండా హోటలు వైఫై మీద బతికే ఫోను మాత్రం ఒక్కోసారి భీమవరం టైములోనే ఉండిపోతుంది. చేతి వాచీ సంగతి సరేసరి. దాంతో ఫోను మారిందని తెలియక మళ్ళీ గంటన్నర తీసేసినవాళ్ళు ఆరున్నరకే స్నానం చేసి, బొట్టు పెట్టుకుని లాబీ సోఫాల్లో కూర్చుంటారు. వాచీకి గంటన్నర కలుపుకోవడం మరిచిపోయినవాళ్ళు ‘ఇంకా బోలెడు టైముందండీ’ అంటూ తలుపు సందులోంచి తల మాత్రం బయటపెడతారు. లేపడానికి వెళ్ళినాయన్ని లోపలికి పిలిచి, గదిలో ఉన్న కెటిల్‌తో కాఫీ కలిపిస్తారు. వద్దంటే బాగోదు కదా, ఆయనా కూర్చుంటాడు. ఆయన్ని వెతకడానికి ఇంకొకాయన బయల్దేరతాడు.

ఇక బస్సెక్కడం. ‘మీరెక్కండి బావగారూ.’ ‘అబ్బెబ్బే, పెద్దవారు, మీరుండగానా?’ ‘అయితే చెల్లెమ్మని ముందెక్కనివ్వండి.’ ‘ఆవిడ మీ ఆవిడతో ఎక్కుద్దండి.’ ముప్పై మంది ఎక్కడానికి ఐదు నిమిషాలు చాలు. ముప్పై మంది మర్యాదస్తులకి ఇరవై చాలదు. దిగేటప్పుడూ ఇదే తంతు. నాలుగు చోట్ల ఎక్కి దిగేసరికి, సిటీకి పెట్టుకున్న టైములో గంటకి పైగా బస్సు మెట్ల మీదే అయిపోతుంది. ట్రాఫిక్కుని అందరూ తిడతారుగానీ, పాపం దాని వాటా తక్కువే.

మొదటి గుడి వాట్ ట్రైమిట్, బంగారు బుద్ధుడు. మూడు మీటర్ల విగ్రహం, బరువు ఐదున్నర టన్నులు. చాలాకాలం దాని మీద సున్నపు పూత ఉండి, మామూలు విగ్రహమే అనుకున్నారు. 1955లో కొత్త చోటుకి మారుస్తుంటే జారి పడి పూత పగిలింది, లోపలి బంగారం బయటపడింది. గైడమ్మ ఈ కథ బాగా చెబుతుంది. కానీ మన బ్యాచి ‘ఐదున్నర టన్నులు’ దగ్గరే ఆగిపోయింది. ఫోన్లు బయటికొచ్చాయి. కాసుకి ఎనిమిది గ్రాముల చొప్పున 6,87,500 కాసులు. మేలిమి అంతటా ఒకటి కాదటండీ అని ఒకాయన, తరుగు తీస్తే ఎంతొస్తుందని ఇంకొకాయన. బుద్ధుడి ఎదురుగా మోకాళ్ళ మీద కూర్చుని తరుగూ మజూరీ లెక్కేస్తున్న మనుషుల్ని చూసి, గైడమ్మ ఏదో మంత్రం చదువుతున్నారనుకుని గొంతు తగ్గించింది.

రెండోది వాట్ ఫో, శయన బుద్ధుడు. 46 మీటర్ల పొడవు, 15 మీటర్ల ఎత్తు. పాదాల మీద ముత్యపు చిప్పతో పొదిగిన 108 శుభచిహ్నాలు. ఇక్కడ గుర్తుంచుకోవాల్సినవి రెండు. మొదటిది, ద్వారం దగ్గర ఇచ్చే సంచీ. అది విప్పిన చెప్పులు అందులో పెట్టుకుని చేత్తో పట్టుకెళ్ళడానికి. మనవాళ్ళు అలవాటు కొద్దీ చెప్పులు బయటే వదిలేసి, సంచీ మడిచి భద్రంగా చంకలో పెట్టుకున్నారు. ప్రసాదానికి అనుకున్నారు. లోపలంతా తిరిగి ‘ప్రసాదం కౌంటరు ఎటువైపండీ’ అని అడిగిన అత్తయ్యగారికి సమాధానం చెప్పేసరికి గైడమ్మకి తల ప్రాణం తోక్కొచ్చింది.

రెండోది చిల్లర. విగ్రహం వీపు వైపు గోడ వెంట 108 కంచు పాత్రలు వరసగా ఉంటాయి. ఇరవై బాట్లిస్తే గిన్నెడు చిన్న నాణేలిస్తారు, పాత్రకొకటి చొప్పున వేసుకుంటూ పోవాలి. లెక్కపెట్టి ఇవ్వరు, గుప్పిట అంచనా. కాబట్టి మొదట్లో రెండేసి వేస్తే చివర్లో అయిపోతాయి. నరసాపురం ఆయనకి తొంభై దాటాక అయిపోయాయి. వెనకాయన ‘ఇవి తీసుకోండి’ అని తన గిన్నెలోవి పోశాడు. ‘వద్దండీ, మీ పుణ్యం నాకెందుకు.’ ‘పర్లేదండీ, ఊరెళ్ళాక ఇద్దురుగాని.’ నూట ఎనిమిది పాత్రల సన్నటి దారిలో ఇద్దరు మనుషులు పుణ్యం అప్పు పద్దు మాట్లాడుకుంటూ నిలబడితే వెనక కొరియా వాళ్ళు, చైనా వాళ్ళు, ఒక బడిపిల్లల గుంపు, అందరూ ఆగారు.

గుడి పక్కనే థా తియెన్ రేవు. అక్కడ్నుంచి నాలుగైదు బాట్లకి పడవెక్కితే అవతలి ఒడ్డున వాట్ అరుణ్. టూరులో అది లేదు, ఇవతల నిలబడి ఫోటో తీసుకోవడానికి పది నిమిషాలు. చావో ఫ్రయా నదిని చూడగానే మనవాళ్ళ మొహాలు వికసించాయి. సఖినేటిపల్లి పంటు ఎక్కి నరసాపురం దిగేవాళ్ళకి ఇంత నది ఏపాటి? ‘ఇదేనా అండీ నది? మన వశిష్ఠలో సగం లేదు.’ అంతలో ఒకాయన అరిచాడు, ‘గుర్రపుడెక్కండీ!’ నిజమే. పచ్చటి ముద్దలు ముద్దలుగా తేలుతూ పోతోంది, ఊదారంగు పువ్వుతో సహా. ఎదురుగా ఉన్న వాట్ అరుణ్ గోపురాన్ని వదిలేసి ముప్పై ఫోన్లూ గుర్రపుడెక్కకి గురిపెట్టాయి. దీన్ని ఇక్కడ ఎలా తీస్తారు, మందు కొడతారా, మిషనా, కాలువల్లోకి రాకుండా ఏం కడతారు అని ప్రశ్నల మీద ప్రశ్నలు. బంగారు బుద్ధుడి దగ్గర కూడా ఇన్ని ప్రశ్నలు రాలేదు. పది నిమిషాలు కాస్తా అరగంట.

అసలు టూరు ఇప్పుడే మొదలవుతుంది, అంటే షాపు. రాళ్ళ నగల దుకాణం. పేరు అనవసరం, ఏ ఏజెంటు పంపినా వ్యవహారం ఒకటే. ఇంత తక్కువ ధరకి బస్సూ గైడూ వస్తున్నారంటే ఆ తేడా ఇక్కడ పూడుతుంది. గుమ్మంలో ప్రతివాళ్ళ చొక్కాకీ నంబరున్న గుండ్రటి స్టిక్కరు అంటిస్తారు, ఎవరు కొన్నా ఏ బ్యాచి ఖాతాలో పడాలో తెలియడానికి. బ్యాచి ఇంతసేపు లోపల ఉండి తీరాలన్న లెక్క కూడా ఉంటుంది, కాబట్టి ‘మేం బస్సులో కూర్చుంటాం’ అంటే గైడు మొహం వాడిపోతుంది. ముందు గనుల గురించి బొమ్మలూ వీడియో, తర్వాత రాళ్ళు సానబెట్టే పనివాళ్ళు, తర్వాత పెద్ద హాలు. వచ్చిన దారిన వెనక్కి పోవడం ఉండదు. నగలు దాటితే తోలు బ్యాగులు, అవి దాటితే ఏనుగు బొమ్మలు, అవి దాటితే ఎండు మామిడి ముక్కలు, అప్పుడు వెలుగు.

ఇక్కడ ఎవరూ బలవంతం చేయరు. చల్లటి కూల్‌డ్రింకు ఇస్తారు, కుర్చీ వేస్తారు. పిల్ల పక్కన నిలబడి ‘బాగున్నారా?’ అని తెలుగులో అంటుంది. అయిపోయింది. పట్నంవాడు ఆ డ్రింకు తాగేసి లేచిపోతాడు. గోదావరివాడికి అది గొంతు దిగదు. ‘వాళ్ళ నీళ్ళు తాగి ఉత్తినే లేస్తే ఏం బాగుంటుందండీ’ అని కెంపు ఉంగరం కొంటాడు. కొనేవాళ్ళకి రెండు ముక్కలు. రంగు తేలడానికి కెంపుల్ని కాల్చడం ఆ వ్యాపారంలో మామూలే, కాబట్టి ‘ఇది కాల్చిందా’ అని అడిగి, ఆ మాట బిల్లు మీద రాయించుకోవాలి. అమ్మబోతే కొన్న ధర రాదు. ఒకే షాపులో ఒకే రోజు 2,000 బాట్లు దాటితే వ్యాటు వాపసుకి ఫారం ఇస్తారు, కానీ పాస్‌పోర్టు చేతిలో ఉండాలి. మనవాళ్ళ పాస్‌పోర్టులన్నీ హోటలు లాకర్లో భద్రంగా ఉన్నాయి. గుమ్మంలో దిగగానే తీసిన ఫోటోని పింగాణీ పళ్ళెం మీద అచ్చేసి బయట అమ్ముతారు, అదీ తప్పనిసరి కాదు. ‘మన మొహం వీళ్ళ దగ్గర వదిలేసి పోతామా’ అని ఇరవై రెండు పళ్ళేలు అమ్ముడయ్యాయి.

బ్యాచి నంబరు 66. పాలకొల్లు బావగారు ఉక్కపోస్తోందని పైచొక్కా విప్పి, స్టిక్కరు పీకి బనీనుకి అంటించుకున్నారు, తలకిందులుగా. బయట పార్కింగులో పదిహేను తెల్ల బస్సులు, అన్నీ ఒకటే అచ్చు. థాయ్ నంబరు ప్లేటు మీద అక్షరాలు వాళ్ళవైనా అంకెలు మనం చదవగలిగినవే, దిగేటప్పుడు ఫోటో తీసుకుంటే సరిపోను. కాపలా కుర్రాడు స్టిక్కరు చూసి వంగి నమస్కరించి, 99 నంబరు బస్సు తలుపు దాకా తీసుకెళ్ళి దిగబెట్టాడు. లోపల ఒక్క తెలిసిన మొహం లేదు. గుజరాతీ వాళ్ళు. ‘అంత మర్యాదగా ఎక్కించాక దిగిపోతే ఏమనుకుంటారు’ అని బావగారు కూర్చున్నారు. కంపెనీ వాళ్ళు రెండు రాష్ట్రాల డీలర్లని కలిపారు కాబోలు అనుకున్నారు. పక్కాయన థేప్లా, అంటే వాళ్ళ మెంతికూర రొట్టె, పెట్టాడు, తిన్నారు. ఇంకోటి పెట్టాడు.

ఆ బస్సువాళ్ళలో ఒకాయన షాపు చూడలేక ముందే బయటికొచ్చి, ఏసీ వేసి ఉన్న మొదటి బస్సెక్కి, వెనక సీట్లో టోపీ మొహం మీద వేసుకుని నిద్రపోయాడు. అది 66. గైడమ్మ తలలు లెక్కపెట్టింది, ముప్పై. అవతలి గైడూ లెక్కపెట్టాడు, అక్కడా సరిపోయింది. గైడులు లెక్కపెట్టేది తలలే, పేర్లు పిలవరు. జట్టుజట్టుగా ఎవరి పక్కవాళ్ళని వాళ్ళే చూసుకోమనేది అందుకే. బావగారి భార్య ముందు సీట్లో ఆడవాళ్ళతో ఉన్నారు, ఆయన వెనక పేకాట దగ్గర ఉన్నాడన్న నిశ్చింతతో.

తేలింది ప్రతూనామ్ అనే పేటలో భోజనాల దగ్గర. కౌంటు అంటే కిలోకి ఎన్ని రొయ్యలు తూగుతాయన్న లెక్క, అంకె పెరిగేకొద్దీ రొయ్య చిన్నది. రొయ్యల కూర చూసి ‘వంద కౌంటు సరుకు వేసి ముప్పై కౌంటు రేటు రాశాడండీ’ అని మేత డీలర్లు బాధపడుతుండగా, చికెన్ బిర్యానీ ప్లేటు ఒకటి మిగిలిపోయింది. బావగారు ఉండగా బిర్యానీ మిగలడం జరగదు. బస్సులోకి పరిగెత్తితే టోపీ కింద కొత్త మొహం. ఆయనకి సాయంత్రం విమానం! 99వ నంబరు బస్సు సామాన్లతో సహా సువర్ణభూమి విమానాశ్రయానికి వెళ్ళిపోయింది. నడుముకి కట్టుకున్న సంచీలో పాస్‌పోర్టు ఉండబట్టి బతికిపోయాడు. రాచప్రారోప్ స్టేషన్ దగ్గరే, ఆయన్ని ఎయిర్‌పోర్టు రైలెక్కించారు.

అదే సమయంలో నాలుగో అంతస్తు డిపార్చర్ గేటు ముందు అందరూ పెట్టెలు దించుకుంటుంటే, బావగారికి పెట్టె లేదు. అప్పుడు అడిగారు, ‘మనం ఎక్కడికి వెళ్తున్నామండీ?’ అని. ఆ గైడు ఫోన్లు చేసి, కింద బేస్‌మెంటులో ఉన్న స్టేషన్‌కి తీసుకెళ్ళి గుండ్రటి టోకెన్ చేతిలో పెట్టాడు. 45 బాట్లకి లోపే, అరగంట ప్రయాణం. పొద్దున్న రిసెప్షన్ పిల్ల రెండు చేతులతో ఇస్తే కాదనలేక జేబులో వేసుకున్న హోటలు కార్డు ఉంది, వెనక థాయ్‌లో అడ్రసుతో. అది చూపించుకుంటూ నడిచి వచ్చేశారు. జామ్‌లో చిక్కిన మన బస్సు హోటలు చేరేసరికి ఆయన లాబీలో పేపరు తిరగేస్తున్నారు.

ఆవిడ ఏడుస్తూ తిట్టారు, తిడుతూ ఏడ్చారు. టూరు ముగింపులో గైడుకీ డ్రైవరుకీ తలా యాభయ్యో వందో బాట్లు టిప్పు వేసుకోవడం అక్కడి ఆనవాయితీ. డబ్బా బావగారి దగ్గరికి వచ్చింది. ఆయన జేబులు తడుముకుని, భార్య వైపు చూశారు.

‘ఓ వంద ఇయ్యి. నా దగ్గరున్నవి ఆ బస్సోళ్ళ డబ్బాలో వేసేశాను. అందరూ వేస్తుంటే ఊరుకుంటే బాగోదు కదే.’