చౌడర్ చిక్కదనం మొక్కజొన్నదే కావాలి

మొక్కజొన్న, సాసేజ్ (తొడుగులో కూరిన మాంసం) వేసి చేసే చౌడర్ అనే చిక్కని సూప్‌ను డబ్బాలో కొని వేడి చేసుకుంటే చాలునని భావించేవారు మనలో చాలామంది ఉన్నారు. ఇంట్లో వండేవారిలోనూ కొందరు చిక్కదనం కోసం మైదాను, క్రీమును ధారాళంగా వాడతారు. ఈ రెండు పద్ధతులతోనూ నేను ఏకీభవించలేను. చౌడర్‌కు చిక్కదనం మొక్కజొన్న నుంచీ బంగాళాదుంప నుంచీ రావాలి. క్రీము చివర్లో కాస్త నునుపు కోసం చేరవలసిందే తప్ప వంటకానికి ఆధారం కాకూడదు.

ఇది కొత్త వాదన కాదు. 1751లో బోస్టన్ పత్రికలో పద్యరూపంలో అచ్చయిన చౌడర్ తయారీ విధానంలో ఉల్లిపాయలు, పంది మాంసం, చేప, నానబెట్టిన బిస్కెట్లు పొరలుగా పేర్చమని ఉందే కానీ పాల ఊసే లేదు. కుండలో ఉడికే పదార్థాలే పులుసును చిక్కబరచాలన్న ఆ పాత పద్ధతి మొక్కజొన్న చౌడర్‌కు మరింత బాగా నప్పుతుంది.

నలుగురికి నాలుగు పొత్తులు సరిపోతాయి. గింజలను కోసిన తరువాత కత్తి వెనుక అంచుతో కండెను గట్టిగా గీస్తే, గింజల మొదళ్లలో మిగిలిన పాలవంటి రసం దిగుతుంది. దాన్ని పారేయడం నా దృష్టిలో ఈ వంటలో అన్నిటికంటే పెద్ద నష్టం, ఎందుకంటే చిక్కబరిచే పిండిపదార్థమూ తీపీ అందులోనూ ఉన్నాయి. కండెలను విరిచి ఐదు కప్పుల నీటిలో అరగంట సన్నసెగపై మరిగిస్తే లభించే లేత పసుపు నీరే వంటకానికి మూలద్రవం. దీని ముందు పొడులు కలిపి చేసే కృత్రిమ రసం దేనికీ పనికిరాదు. పొత్తులు దొరకని కాలంలో, కోసిన కొద్దిసేపటికే గడ్డకట్టించిన గింజలు వాడవచ్చు. రోజుల తరబడి నిల్వ ఉండి, తీపి తగ్గిన పొత్తుల కంటే అవే మేలు.

సాసేజ్ విషయంలో ఓపిక ముఖ్యం. పొగబెట్టి ఉడికించిన రకమైతే బిళ్లలుగా కోసి, రెండు వైపులా ఎర్రబడేవరకు వేయించాలి. పచ్చి పంది సాసేజ్ అయితే తొడుగు తీసి, చిదిపి, లోపలి వేడి 71 డిగ్రీల సెల్సియస్ చేరేవరకు ఉడకనివ్వాలి. కోడి, టర్కీ మాంసమైతే 74 డిగ్రీలు చేరాలి. వాటిలో కొవ్వు తక్కువ కనుక కొంచెం వెన్న చేర్చడం మంచిది. సాసేజ్‌ను తీసి పక్కన పెట్టి, రెండు చెంచాల కొవ్వు మాత్రమే ఉంచి, అందులో ఉల్లిపాయ, సెలెరీ అనే ఆకుకూర కాడలు మెత్తబడనిచ్చి, కండెల నీరు పోస్తూ అడుగున అంటిన గోధుమరంగు పొరను గరిటెతో గీకి కలిపితే రుచంతా పులుసులోకి దిగుతుంది.

అంగుళంలో సగం ముక్కలుగా కోసిన బంగాళాదుంపలు పావుగంటలోపే ఉడుకుతాయి. బాగా పిండిగా ఉండే రకం చితికిపోతుంది, గట్టి రకం పులుసును చిక్కబరచదు. పసుపు గుజ్జుండే మధ్యరకం రెండు పనులూ చేస్తుంది. తరువాత మొక్కజొన్న గింజల్లో మూడో వంతును రుబ్బి, మిగతా వాటితోపాటు వేసి, కొన్ని దుంప ముక్కలను కుండ అంచుకు అదిమి మెదిపితే, పది నిమిషాల్లో మైదా చిటికెడైనా లేకుండా చౌడర్ చిక్కబడుతుంది. మైదాతో చిక్కబరిచినప్పుడు నాలుకకు ముందుగా తగిలేది జిగురు. ఇక్కడ తగిలేది మొక్కజొన్న.

సాసేజ్‌ను తిరిగి కలిపి, మంట తగ్గించి, అర కప్పు క్రీము పోయాలి. ఆపై మరిగించకూడదు. తెర్లే వేడిలో పాల ప్రోటీన్లు ముద్దకట్టి విరుగుతాయి. కొవ్వు ఎక్కువున్న క్రీము కొంత తట్టుకుంటుంది కానీ పలుచని పాలు తట్టుకోవు. సాసేజ్‌లోనే ఉప్పు ఉంటుంది కనుక, ఉప్పు వేయవలసింది రుచి చూసిన తరువాతే. మిరియాల పొడి మాత్రం ధైర్యంగా వేయవచ్చు.

మిగిలినదాన్ని రెండు గంటలలోపు ఫ్రిజ్‌లో పెడితే మూడు నాలుగు రోజులు నిల్వ ఉంటుంది. ఫ్రీజర్‌లో దాచదలచినవారు క్రీము కలపకముందే తమకు కావలసినంత విడిగా తీసి ఉంచుకోవాలి. గడ్డకట్టి కరిగినప్పుడు దుంప ముక్కలు కొంత పొడిబారినా, వాటిని మెదిపి వేడి చేసి, క్రీమును అప్పుడే తాజాగా చేర్చుకోవచ్చు.