పోలీస్ వెరిఫికేషన్ పూర్తయిన పెళ్ళికొడుకు

విశాఖ ఎంవీపీ కాలనీలో మా పైవాటా అమ్మాయి ఒక రౌడీషీటర్‌ని ప్రేమించిందని తెలిసి అపార్ట్‌మెంటంతా బుగ్గలు నొక్కుకుంది. నేను మాత్రం అమ్మాయి పక్షమే.

మ్యారేజ్ బ్యూరో కుర్రాడి జీతం అబద్ధం, ఎత్తు అబద్ధం, ఫొటోలోని జుట్టు ఎప్పటిదో. ఇతనివో? ఫొటో, వేలిముద్రలు, పుట్టుమచ్చలతో సహా స్టేషన్లో భద్రం. ఆదివారం ఆదివారం కౌన్సెలింగ్‌కి వెళ్ళి బుద్ధిగా కూర్చుంటాడు. సీఐ గారి మాటంటే ఇంత భయభక్తులున్న అల్లుడు సాఫ్ట్‌వేర్లో దొరుకుతాడా?

అయినా అమ్మాయి మాత్రం ఏం చేస్తుంది? బీటెక్ అయి రెండేళ్ళు. పొద్దున్న ద్వారకానగర్లో బ్యాంకు కోచింగు, మధ్యాహ్నం పప్పుచారు, సాయంత్రం డాబా మీద వడియాలకి కాపలా. ఓ రోజు ఆర్కే బీచ్‌లో మురీ మిక్చర్ బండి దగ్గర ఇతను వంద కాగితం ఇచ్చి చిల్లర తీసుకోకుండా బుల్లెట్టెక్కాడు. ఆ చిల్లర దగ్గరే పడిపోయింది పిల్ల. కనుబొమ్మ మీద గాటు చూసి "కత్తా?" అంటే నవ్వి ఊరుకున్నాట్ట. హనుమంతవాక దగ్గర ఇసుకలో బండి జారితే లేవనెత్తింది నేనే. అయినా చెప్పలేదు. ఆడపిల్ల కళ్ళల్లో వెలుగు ఆర్పడం మహాపాపం.

వరస హత్యల చార్లెస్ శోభరాజ్ నేపాల్ జైల్లో యావజ్జీవం అనుభవిస్తుండగానే, 2008లో ఓ 20 ఏళ్ళ అమ్మాయి ఆయన్ని పెళ్ళాడానంది. ఆయనకప్పుడు 64. ఆ లెక్కన మనవాడు ఎల్‌కేజీ.

చిక్కల్లా తర్వాతే వచ్చింది. ఆదివారం సినిమాకంటే కౌన్సెలింగు. బుధవారమంటే వాయిదా. తీరా కోర్టుకెళ్తే జడ్జి గారు సెలవు, మళ్ళీ వాయిదా. తాలూకాఫీసు గుమాస్తా బతుకైనా ఇంతకంటే రంజుగా ఉంటుంది.

అంతలో ఏజెన్సీ నుంచి దిగుతున్న కారులో 22 కిలోల గంజాయితో దొరికాడు. "చిన్న కేసేనంట బాబాయ్, నాలుగు రోజుల్లో వచ్చేస్తాడు" అంది. 20 కిలోలు దాటితే చట్టం దాన్ని వ్యాపారమంటుందనీ, రుజువైతే పదేళ్ళకి తక్కువ పడదనీ, బెయిలు కూడా అంత తేలిగ్గా రాదనీ చెప్పాను. వేళ్ళ మీద ఏదో లెక్కపెట్టుకుంది.

ఇప్పుడు ఆరిలోవ జైలు దగ్గర ములాఖత్ లైను, చేతిలో ఆధార్ జిరాక్సు. నిన్న మెట్ల మీద కనిపించింది.

"ఎండలో అంతసేపు నిలబడి లోపలికెళ్తే, ఇవాళ ఇంట్లో ఏం కూరొండారనే అడుగుతాడు బాబాయ్!"

"ఏం చెప్పావమ్మా?"

"ఏటుంటాది, పప్పుచారే."